‘ఫటీగ్’ మాటను పలకడం, అర్థం చేసుకోవడం, తెలుగులోకి తేవడం ఎలా: సమగ్ర మార్గదర్శి

మందుల పెట్టెలో మడతపెట్టి ఉంచే కాగితాన్ని విప్పి చదివే అలవాటున్నవారికి ‘ఫటీగ్’ అనే ఇంగ్లీషు మాట కొత్తది కాదు. తలనొప్పి, వికారం వంటి దుష్ప్రభావాల పక్కన అది తరచుగా కనిపిస్తుంది. ఆసుపత్రి డిశ్చార్జి కాగితంలో, విమాన ప్రమాదాల నివేదికలో, మెకానికల్ ఇంజినీరింగ్ పాఠ్యపుస్తకంలో, చివరికి మన దేశపు పోలీసు చట్టంలో కూడా అదే మాట ఉంది. నిఘంటువు తెరిస్తే మాత్రం ‘అలసట’ అని ఒక్క ముక్కలో తేల్చేస్తుంది. ఆ ఒక్క ముక్కను నమ్ముకుని వాక్యం రాసినా, అనువాదం చేసినా చాలాచోట్ల బోల్తా పడతాము. ఇంగ్లీషు ఒకే సంచిలో వేసినదాన్ని తెలుగు కారణాన్ని బట్టి విడివిడిగా మూటలు కట్టుకుంది. అందుచేత అలసటకు కారణం తెలుసుకున్నాకే దానికి తగిన తెలుగు మాట దొరుకుతుంది. ఈ వ్యాసంలోని మెట్లన్నీ ఆ ఎరుక చుట్టూ అల్లినవే.

మొదటి మెట్టు: నోటికి సరిగ్గా పట్టించుకోవడం

ఈ మాటను ‘ఫాటిగ్’ అనీ, ‘ఫాటిగ్యూ’ అనీ పలికేవారు ఎక్కువమందే ఉన్నారు. సరైన ఉచ్చారణ ‘ఫటీగ్’. మొదటి అక్షరాన్ని తేలికగా, పొట్టిగా వదిలేసి, ఊనిక అంతా ‘టీ’ మీద పెట్టాలి. స్పెల్లింగులో చివరనున్న జి, యు, ఇ అనే మూడక్షరాలలో పలికేది జి ఒక్కటే. ఇది కష్టమనిపిస్తే మన తాతముత్తాతలు ‘ప్లేగు’ను ఎలా పలికారో గుర్తుచేసుకుంటే చాలు, ఆ మాట చివర కూడా అవే మూడక్షరాలు ఉన్నాయి, ఎవరూ దాన్ని ‘ప్లేగ్యూ’ అనలేదు. లీగ్, వోగ్, ఇంట్రీగ్ అన్నవి కూడా ఆ వరుసలోవే. దారి తప్పించేది ‘ఆర్గ్యూ’ అనే మాట. అందులో మాత్రం చివరి యు పలుకుతుంది. బడిలో ముందుగా నేర్చుకునేది దాన్నే కాబట్టి, నాలుక అదే బాటలో పోయి ‘ఫాటిగ్యూ’ దగ్గర ఆగుతుందని నా అనుమానం.

ఇదే కుటుంబానికి చెందిన పెద్ద మాట ‘ఇన్‌డిఫాటిగబుల్’. అలుపెరుగని అని దాని అర్థం. విచిత్రంగా ఇక్కడ ఊనిక ‘ఫా’ మీదికి మారుతుంది, కాబట్టి ‘ఇన్‌డిఫటీగబుల్’ అనకూడదు. బ్రిటిష్ నౌకాదళం ఈ పేరును తన యుద్ధనౌకలకు పలుమార్లు పెట్టుకుంది. వాటిలో ఒకటి 1916 మే 31న జట్లాండ్ యుద్ధంలో పేలి మునిగిపోయింది.

మాట పుట్టుక కూడా ఇక్కడే తెలుసుకుంటే మంచిది. అలిసిపోయేలా చేయడం అనే అర్థమున్న లాటిన్ క్రియ ‘ఫతిగారే’ ఫ్రెంచిలోకి వెళ్ళి, అక్కడి నుంచి 17వ శతాబ్దంలో ఇంగ్లీషులోకి వచ్చింది. చివరి అక్షరాలను మింగేయడం ఆ ఫ్రెంచి పుట్టింటి అలవాటే.

రెండో మెట్టు: ‘టైర్డ్’కూ దీనికీ ఉన్న దూరాన్ని గుర్తించడం

సాయంత్రం ఇంటికొచ్చి చెప్పులు విడుస్తూ ఇంగ్లీషువాడు ‘ఐ యామ్ టైర్డ్’ అంటాడే తప్ప ‘ఐ యామ్ ఫటీగ్డ్’ అనడం అరుదు. వ్యాకరణం ప్రకారం రెండోదీ తప్పు కాదు, కానీ ఇంట్లో అమ్మతో ‘నేను మిక్కిలి శ్రాంతుడనైతిని’ అన్నట్టు ఉంటుంది. ఫటీగ్ అనేది ఎక్కువగా రాతలో, నివేదికలో, వైద్యుడి చీటీలో వాడే మాట. బయటినుంచి చూసి, కొలిచి, పేరుపెట్టే ధోరణి అందులో ఉంటుంది.

దాని చుట్టాలతో కూడా తేడా తెలిసి ఉండాలి. ‘ఎగ్జాస్టెడ్’ అంటే లోపల ఉన్నదంతా ఖర్చయిపోయిన స్థితి. వంటింటి ఎగ్జాస్ట్ ఫ్యాన్ పొగనంతా బయటికి లాగేయడాన్ని ఊహించుకుంటే ఆ మాట మరి మరిచిపోరు. ‘వియరీ’లో శరీరం కంటే మనసు పాలు ఎక్కువ, వేసారిపోవడం దానికి దగ్గర. ఫటీగ్‌లో ఈ రెండింటికీ లేని ఒక గుణం తరచుగా ఉంటుంది, అది పోగుపడటం. ఒక్కరోజు మెట్లెక్కి అలిసిపోతే టైర్డ్ చాలు. నెలరోజులు రాత్రి డ్యూటీలు చేసి, సెలవు రోజున ఎనిమిది గంటలు పడుకుని లేచినా తల బరువుగానే ఉంటే అక్కడ ఫటీగ్ సరిపోతుంది.

మూడో మెట్టు: వాక్యంలో కూర్చోబెట్టడం

తెలుగులో ‘నాకు నీరసంగా ఉంది’ అంటాము. నీరసం మన దగ్గరికి వచ్చి కూర్చుంటుంది, మనం దానికి ‘కు’ చేర్చి చోటిస్తాము. ఇంగ్లీషు ఈ పని వేరుగా చేస్తుంది. అక్కడ మనిషే కర్త. తెలుగు అమరికను అలాగే మోసుకుపోవడం వల్లనే ‘ఫటీగ్ ఈజ్ దేర్ ఫర్ మి’ వంటి వాక్యాలు పుడతాయి. వాటి బదులు ‘ఐ ఫీల్ టైర్డ్ ఆల్ ద టైమ్’ అని చెప్పుకోవచ్చు. వైద్యుడికి రాసి ఇవ్వవలసి వస్తే ‘ఐ హావ్ బీన్ సఫరింగ్ ఫ్రమ్ ఫటీగ్ ఫర్ టూ మంత్స్’ అని రాయవచ్చు.

నామవాచకంగా ఇది లెక్కపెట్టే వస్తువు కాదు. అందువల్ల సాధారణ అర్థంలో ముందు ‘ఎ’ పెట్టకూడదు, ‘మెనీ ఫటీగ్స్’ అనకూడదు. ‘ఫటీగ్‌నెస్’ అనే మాట అసలు లేదు. ‘ఐ యామ్ ఫటీగ్’ అనేది సెలవు చీటీల్లో తరచు దొర్లే తప్పు. విశేషణం కావాలంటే ‘ఫటీగ్డ్’ అనాలి. పనిని వర్ణించేటప్పుడు ‘ఫటీగింగ్’ అనాలి. ‘ద జర్నీ వాజ్ ఫటీగింగ్’ అంటే ప్రయాణం అలసట కలిగించింది, ‘ద ప్యాసింజర్స్ వర్ ఫటీగ్డ్’ అంటే ప్రయాణికులు అలిసిపోయారు. ఈ రెండింటినీ తారుమారు చేసి ‘ఐ యామ్ ఫటీగింగ్’ అంటే ఎదుటివాళ్ళకు నేను అలసట కలిగిస్తున్నాను అని ఒప్పుకున్నట్టు అవుతుంది, కొన్నిసార్లు అది నిజమే అయినా సరే.

విసుగు చెప్పడానికి ‘టైర్డ్ ఆఫ్’ అనే జంట ఉంది కానీ ‘ఫటీగ్డ్ ఆఫ్’ వాడుకలో లేదు. ‘ఐ యామ్ టైర్డ్ ఆఫ్ హిజ్ ఎక్స్‌క్యూజెస్’ అన్న చోట రెండో మాటను తెచ్చిపెట్టకూడదు.

నాలుగో మెట్టు: వైద్యుడి గదిలో దాని అర్థం

ఈ మెట్టు దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగాలి, ఎందుకంటే ఇక్కడి పొరపాటు మార్కుల దగ్గర ఆగదు, ఆరోగ్యం దాకా పోతుంది. ఏ ఊరి ఓపీలోనైనా వినిపించే సంభాషణను తీసుకుందాం. ‘ఏమ్మా, ఏమిటి ఇబ్బంది?’ అని డాక్టరుగారు అడుగుతారు. ‘ఏం లేదండీ, ఒంట్లో ఓపిక ఉండటం లేదు. నాలుగు గిన్నెలు తోమి లేచేసరికి మళ్ళీ కూర్చోవాలనిపిస్తోంది’ అని ఆవిడ చెబుతుంది. డాక్టరుగారు కాగితం మీద ‘కంప్లెయిన్స్ ఆఫ్ ఫటీగ్’ అని మూడు మాటలు రాస్తారు. ఆ ‘కంప్లెయిన్స్’లో ఫిర్యాదేమీ లేదు, రోగి తన నోటితో చెప్పిన బాధ అని మాత్రమే అర్థం. గిన్నెలు, కూర్చోవడం, ఓపిక అన్నీ ఆ ఒక్క మాటలోకి దిగిపోయాయి.

అయితే రోగి ‘నీరసం’ అన్నప్పుడు వైద్యుడు కనీసం నాలుగింటిని వేరుచేయాలి. శక్తి చాలనట్టు ఉండటం ఫటీగ్. చేయి ఎత్తబోతే కండరమే లేవకపోవడం వీక్‌నెస్. కళ్ళు మూతలు పడుతుండటం నిద్రమత్తు. నాలుగు మెట్లెక్కగానే రొప్పు రావడం ఊపిరికి సంబంధించినది. తెలుగులో మనం మొదటి రెండింటికీ నీరసమనే అంటాము, మూడోదాన్ని బద్ధకం కింద కొట్టేస్తాము. నాలుగోదానితో ఇంకో చిక్కు ఉంది. ‘ఆయాసం’ అనే మాటకు పాత పుస్తకాల్లో శ్రమ, అలసట అనే అర్థాలున్నా, నేటి వాడుకలో అది ఊపిరి అందకపోవడమే. పాత నిఘంటువు చూసి ఫటీగ్‌కు ఆయాసమని రాసిన అనువాదకుడు రోగిని గుండె జబ్బుల విభాగానికి పంపినంత పని చేస్తాడు. వైద్యుడితో మాట్లాడేటప్పుడు ఒక్క మాటతో సరిపెట్టకుండా, ఎప్పటి నుంచి, ఏ పని చేస్తే, పడుకుంటే తగ్గుతోందా లేదా అన్న మూడూ చెప్పడం మేలు.

పడుకుంటే తగ్గుతోందా అన్న ప్రశ్నకు వైద్యంలో చాలా విలువ ఉంది. క్యాన్సర్ చికిత్సల దుష్ప్రభావాలను లెక్కకట్టడానికి అమెరికా జాతీయ క్యాన్సర్ సంస్థ రూపొందించిన కొలమానంలో ఫటీగ్‌కు మూడు స్థాయిలున్నాయి. విశ్రాంతితో తీరేది మొదటి స్థాయి. విశ్రాంతితో తీరకుండా వంట, బజారు, డబ్బు లెక్కల వంటి పనులకు అడ్డుపడేది రెండోది. స్నానం, బట్టలు కట్టుకోవడం వంటి సొంత పనులకు కూడా అడ్డుపడేది మూడోది. ఆ కొలమానాన్ని తెలుగులోకి తెచ్చేటప్పుడు మొదటిదాన్ని అలసట అనవచ్చు. మూడోదాన్ని కూడా అలసట అనే రాస్తే చదివేవారికి దాని తీవ్రత అందదు. అక్కడ నిస్సత్తువ అనో, నిస్త్రాణ అనో రాయడం నాకు న్యాయంగా కనిపిస్తుంది.

ఫటీగ్ ఒక లక్షణమే తప్ప దానంతటది రోగం పేరు కాదన్నది కూడా గుర్తుంచుకోవాలి. రక్తహీనత, థైరాయిడ్ తగ్గడం, మధుమేహం, సరిపడా నిద్ర లేకపోవడం, దిగులు వ్యాధి, ఇలా ఎన్నో దాని వెనుక ఉండవచ్చు. 2019–21లో జరిగిన 5వ జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశంలో 15–49 ఏళ్ళ స్త్రీలలో 57 శాతం మందికి రక్తహీనత ఉంది. ఆంధ్రప్రదేశ్‌లోనూ, తెలంగాణలోనూ ఆ వయసు స్త్రీలలో సగానికి పైగా అదే స్థితి. గిన్నెల దగ్గర ఓపిక లేదన్న ఆవిడ మాటను ఇంట్లోవాళ్ళు సాకుగా కొట్టిపారేయకుండా ఒకసారి హిమోగ్లోబిన్ చూపించవలసింది అందుకే.

రోగం పేరులోనే ఈ మాట చేరినది ‘క్రానిక్ ఫటీగ్ సిండ్రోమ్’. 1988లో అమెరికా వ్యాధి నియంత్రణ సంస్థ పరిశోధకులు ఆ పేరుతో దాని నిర్వచనాన్ని ప్రకటించారు. కొంచెం శ్రమపడినా ఆ తర్వాత చాలాకాలం కుప్పకూలినట్టు అయిపోవడం దాని ముఖ్య లక్షణం. పేరులోని ఫటీగ్ వల్ల జనం దాన్ని మామూలు అలసటగా తీసిపారేస్తున్నారని రోగులు చాలాకాలంగా మొరపెట్టుకుంటున్నారు. 2015లో అమెరికాలోని వైద్య నిపుణుల సంఘం ఒకటి వేరే పేరు సూచించింది కానీ అది జనంలో నిలదొక్కుకోలేదు. మాట తేలికైతే రోగమూ తేలికైపోతుందనడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు తెలియదు.

‘బర్నవుట్’ను దీనితో కలిపేయకూడదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 11వ రోగాల వర్గీకరణలో దాన్ని రోగంగా కాకుండా ఉద్యోగానికి సంబంధించిన పరిణామంగా పేర్కొంది. శక్తి ఉడిగిపోవడం అందులో ఒక పాయ మాత్రమే. పని మీద వైముఖ్యం, చేయగలనన్న నమ్మకం సడలడం మిగతా రెండు పాయలు.

ఐదో మెట్టు: ప్రాణం లేని వస్తువుకు అలసట ఎలా వస్తుందో చూడటం

ఒక గుండుసూదిని కాని, కాగితాలకు పెట్టే క్లిప్పును కాని తీసుకుని, తీగను నిటారుగా సాగదీసి, ఒకసారి వంచి చూడండి. ఏమీ కాదు. మళ్ళీ వెనక్కి వంచండి, అప్పటికీ ఏమీ కాదు. అదే చోట ఇటూ అటూ వంచుతూ పోతే తీగ వేడెక్కుతుంది, కాసేపటికి పెద్ద బలమేమీ పెట్టకుండానే రెండు ముక్కలై చేతిలోకి వస్తుంది. ఒక్కసారిగా తట్టుకోగలిగిన బరువునే పదేపదే మోయడం వల్ల లోపల సన్నటి బీట పుట్టి, అది మెల్లగా పాకి, ఒకనాడు విరిగిపోవడాన్ని ఇంజినీర్లు ఫటీగ్ అంటారు.

1842 మే 8న ఫ్రాన్సులో వెర్సాయ్ నుంచి పారిస్‌కు తిరిగివస్తున్న రైలు ఇంజను ఇరుసు విరిగి, 50 మందికి పైగా చనిపోయిన ప్రమాదం ఈ విషయం మీదికి ఇంజినీర్ల దృష్టిని మళ్ళించింది. ప్రష్యా రైల్వేల్లో పనిచేసిన ఆగస్ట్ వోలర్ ఇరుసులను యంత్రాలకు బిగించి, విరిగేదాకా తిప్పి, ఎంత బరువుకు ఎన్ని తిరుగుళ్ళు తట్టుకుంటాయో ఏళ్ళ తరబడి లెక్కలు తీశాడు. ఒత్తిడికీ తిరుగుళ్ళ సంఖ్యకూ ఉన్న సంబంధాన్ని చూపుతూ మెకానికల్ విద్యార్థులు నేటికీ గీసే ఎస్-ఎన్ రేఖకు మూలం ఆ లెక్కలే. 1954 జనవరిలోనూ, ఏప్రిల్‌లోనూ రెండు కామెట్ జెట్ విమానాలు మధ్యధరా సముద్రం మీద గాలిలోనే విచ్ఛిన్నమైనప్పుడు, బ్రిటన్‌లోని ఫార్న్‌బరోలో అదే రకం విమానాన్ని నీటితొట్టిలో పెట్టి, క్యాబిన్‌లో ఒత్తిడి పెంచుతూ తగ్గిస్తూ పరీక్షించారు. క్యాబిన్‌కు కోసిన కంత మూల నుంచి రేకు చీలిపోయింది. నేరస్తుడి పేరు మెటల్ ఫటీగ్ అని తేలింది.

ఇక్కడ తెలుగులో ‘లోహపు అలసట’ అని రాస్తే చదువరికి అర్థం కావడానికి ఇబ్బంది లేదు, కాస్త కవితలా ఉంటుందంతే. నాకు మాత్రం ‘శ్రాంతి’ అనే మాట మీద మోజు ఉంది. శ్రమ వల్ల కలిగేది శ్రాంతి, అది తొలగడమే విశ్రాంతి. విశ్రాంతిని రోజూ వాడుతూ శ్రాంతిని పెట్టెలో పెట్టి మరిచిపోయాము. లోహశ్రాంతి అన్నప్పుడు మనిషి అలసటతో కలిసిపోని ఒక సాంకేతిక పదం చేతికి అందుతుంది.

ఆరో మెట్టు: సమాసాల్లో మనసు అలసటను పట్టుకోవడం

ఈమధ్య వార్తల్లో ఫటీగ్ ముందు ఏదో ఒక మాట చేర్చి కొత్త జంటలు కడుతున్నారు. వీటిలో కండరాల ప్రసక్తే ఉండదు. ఒకే తాకిడి పదేపదే తగిలి మనసు మొద్దుబారడమే సంగతి. అందువల్ల వీటికి ‘అలసట’ను అతికిస్తే అతుకు కనిపిస్తూనే ఉంటుంది. ఐసీయూలో యంత్రాలు ఊరికే మోగుతుండటం వల్ల సిబ్బంది అసలు మోతను కూడా పట్టించుకోలేని స్థితిని ‘అలారమ్ ఫటీగ్’ అంటారు. నాన్నా పులి కథ తెలిసినవారికి దాన్ని వివరించనక్కర్లేదు. సాటివారి బాధ రోజూ చూసీ చూసీ గుండె స్పందించకుండా పోవడం ‘కంపాషన్ ఫటీగ్’. రోజూ చచ్చేవాడికి ఏడ్చేవాడెవడు అన్న సామెత దాన్ని ఎప్పుడో చెప్పేసింది. ‘డోనర్ ఫటీగ్’ అంటే అడిగీ అడిగీ దాతలకు మొహం మొత్తించడం. తెలంగాణలో ‘యాష్టకొచ్చింది’ అనే మాటలో ఈ వాసన నిండుగా ఉంది. కరోనా కాలంలో వినిపించిన ‘పాండెమిక్ ఫటీగ్’కు జాగ్రత్తలతో జనం విసిగిపోవడం అని విడమరిచి రాస్తే, ‘మహమ్మారి అలసట’ అని రాసినదాని కంటే ఎక్కువమందికి తెలుస్తుంది. ‘మహమ్మారి అలసట’ అంటే అలిసిపోయింది మహమ్మారే అనుకునే ప్రమాదం ఉంది.

ఏడో మెట్టు: తెలుగు మాటను ఎంచుకోవడం

ఇప్పటిదాకా చూసినదాన్ని చేతిలో పెట్టుకుని, వాక్యంలో ఎవరు, ఎందుకు అలిశారో ముందు అడగాలి. దారి నడిచో, బస్సులో కూర్చునో అలిస్తే బడలిక. ఉపవాసం వల్లా, జ్వరం వల్లా ఒంట్లో సారం లేకపోతే నీరసం; మాటలోనే రసం లేదని ఉంది. రోగం తగ్గాక లేవలేకపోతే నిస్సత్తువ. పొలంలో ఎండకు ఒళ్ళు హూనమైతే డస్సిపోవడం. నిలబడి నిలబడి కాళ్ళ వరకే అలిస్తే ఆంధ్రలో కాళ్ళు పీకుతున్నాయంటారు, తెలంగాణలో గుంజుతున్నయంటారు. అన్నిటికంటే గొప్ప మాట ‘ఓపిక’. అది ఒంటి బలాన్నీ, మనసు సహనాన్నీ ఒకేసారి మోస్తుంది. పిల్లల అల్లరి గురించి ఓపిక లేదంటే సహనం, గిన్నెల దగ్గర ఓపిక లేదంటే బలం. రోగి మాటగా ఫటీగ్‌ను అనువదించవలసి వచ్చినప్పుడు ‘ఒంట్లో ఓపిక లేకపోవడం’ నాకు మొదట తట్టే ఎంపిక.

ఒక హెచ్చరిక మాత్రం చేయాలి. ‘అలసత్వం’ అనే మాట చూడటానికి అలసటకు కవల పిల్లలా ఉంటుంది కానీ రెండింటికీ చుట్టరికం పెట్టకూడదు. అలసత్వం సోమరితనం, నిర్లక్ష్యం. అధికారుల అలసత్వమని పత్రికలు రాసేది దాన్నే. ‘పైలట్ ఫటీగ్’ను ‘పైలట్ల అలసత్వం’ అని రాస్తే, కంటినిండా నిద్రలేక బాధపడుతున్నవాళ్ళ మీద నేరం మోపినట్టు అవుతుంది. విమానయాన నియంత్రణ సంస్థ 2024 జనవరిలో పైలట్ల వారపు విశ్రాంతిని 36 గంటల నుంచి 48 గంటలకు పెంచుతూ నిబంధనలు సవరించింది ఆ ఫటీగ్‌ను దృష్టిలో పెట్టుకునే.

ఎనిమిదో మెట్టు: చేసి చూడటం

నాలుగు వాక్యాలను కాగితం మీద రాసుకుని, తెలుగు చేసి, ఆ తర్వాత నా జవాబులతో పోల్చుకోండి.

‘ఆఫ్టర్ ద లాంగ్ బస్ జర్నీ, ఫటీగ్ ఓవర్‌కేమ్ హర్’ అన్నదానికి ‘బస్సు ప్రయాణపు బడలికకు ఆమె తట్టుకోలేకపోయింది’ అనవచ్చు. ‘అలసట ఆమెను అధిగమించింది’ అని రాస్తే ఇద్దరికీ పరుగుపందెం పెట్టినట్టు ఉంటుంది.

‘ఫటీగ్ ఈజ్ ఎ కామన్ సైడ్ ఎఫెక్ట్ ఆఫ్ దిస్ మెడిసిన్’ అన్నదానికి ‘ఈ మందు వాడేవారిలో చాలామందికి నీరసంగా, ఓపిక లేనట్టుగా ఉండవచ్చు’ అని రాస్తే మందు మింగేవారికి నేరుగా చెప్పినట్టు ఉంటుంది.

‘ద బ్రిడ్జ్ బోల్ట్స్ ఫెయిల్డ్ డ్యూ టు ఫటీగ్’ అన్నదానికి ‘పదేపదే పడిన ఒత్తిడికి లోహం శ్రాంతి చెంది వంతెన బోల్టులు విరిగిపోయాయి’ అనవచ్చు.

నాలుగోది చాలామంది తప్పే వాక్యం: ‘ద కానిస్టేబుల్ వాజ్ గివెన్ ఫటీగ్ డ్యూటీ’. ఇక్కడ కానిస్టేబుల్ అలిసిపోలేదు, అలిసిపోయాడని తేలిక పనీ ఇవ్వలేదు. సైన్యంలో పోరాటానికి సంబంధించని మట్టి పని, ఊడ్చే పని, మోత పనికి ఫటీగ్ అని పేరు. ఆ పనికి తొడుక్కునే దుస్తులే తర్వాత బహువచనంలో ‘ఫటీగ్స్’ అయ్యాయి, ఇప్పుడు సైనికుల పని దుస్తులకు ఆ పేరే. 1861 నాటి పోలీసు చట్టం 7వ సెక్షనులో కింది స్థాయి సిబ్బందికి వేయదగిన శిక్షల్లో, 15 రోజులకు మించకుండా క్వార్టర్లలో నిర్బంధించడంతోపాటు శిక్షా డ్రిల్లు, అదనపు కాపలా, ఫటీగ్ డ్యూటీ అన్నవి ఉన్నాయి. కాబట్టి ‘కానిస్టేబుల్‌కు శిక్షగా చాకిరీ పని వేశారు’ అని రాయాలి.